గవ్వ వెయ్యని ఆరో అంగ

గుర్రాలతో పని చేస్తానని చెబితే మన ఊళ్ళో ఎవరో ఒకరు తప్పకుండా అనే మాట ఒకటుంది: "గుడ్డి గుర్రాలకు పళ్ళు తోముతున్నావా?" నాకు పిల్లనివ్వడానికి వచ్చిన పెద్దాయన కూడా అదే అడిగాడు. నవ్వి ఊరుకునేవాణ్ణి. నిజానికి నేను చాలా గుర్రాల పళ్ళు చూశాను, అరగదీయించాను కూడా. పళ్ళు సరిగా లేని గుర్రం కళ్ళెం పట్టదు. అందుకే ఆ మాట నాకు వెక్కిరింపులా ఎప్పుడూ తోచలేదు.

ఈ పనిలోకి కొత్తగా వస్తున్నవాళ్ళు నా దగ్గరికి వచ్చి పతకాల గురించి అడుగుతారు. పతకాలు ట్రంకుపెట్టెలో ఉన్నాయి. వాటి గురించి చెప్పడానికి నా దగ్గర పెద్దగా ఏమీ లేదు. గెలిచిన రోజు ఏం జరిగిందో నాకు సగం కూడా గుర్తుండదు. నేను రాయాల్సింది ఒక ఆడగుర్రం గురించి, దాన్ని చూసుకున్న మనిషి గురించి, నేను చేసిన ఒక తప్పు గురించి. ఆ తప్పుకి నన్నెవరూ శిక్షించలేదు. కానీ ఆ గుర్రాన్ని తిరిగి ఇంటికి తెస్తానని మాట ఇచ్చి వెళ్ళి, ఒట్టి చేతులతో వచ్చాను.

అబ్బా చెవి

మా అబ్బా, అంటే మా నాన్న, వన్‌టౌన్‌లో జట్కా గుర్రాలకు నాడాలు కొట్టేవాడు. ఇంట్లో ఉర్దూ, వీధిలో తెలుగు, గుర్రంతో రెండూ. దుకాణం ముందు నుంచి జట్కా పోతుంటే తల ఎత్తకుండానే, ఎడమ వెనక కాలి మేకు వదులైందని చెప్పేసేవాడు. జట్కావాడు నమ్మక ముందుకు పోయి, సాయంత్రానికి నాడా చేత్తో పట్టుకుని తిరిగొచ్చేవాడు.

"నోరు లేని జీవం అంటారు గానీ బేటా, నాలుగు కాళ్ళతో మాట్లాడతాది. మనమే వినం," అనేవాడు.

ఆ మాట నాకు చిన్నప్పటి నుంచీ తెలుసు. తెలిసి ఉండడం వేరు, పనికి రావడం వేరు.

డెబ్బైల మొదట్లో ఆటోలు పెరిగాయి, జట్కాలు తగ్గాయి. సముద్రం ఒడ్డున ఒక చిన్న రైడింగ్ క్లబ్బు ఉండేది. రేకుల షెడ్లు, ఎనిమిది గుర్రాలు, అందులో ఎక్కువ పందాల్లో పనికిరావని వదిలించుకున్నవి. వాటికి నాడాలు కొట్టడానికి అబ్బాని పిలిచేవారు. పంతొమ్మిదేళ్ళప్పుడు ఆయనతో వెళ్ళి, నాడా సరిగా కూర్చుందో లేదో చూడ్డానికి ఒక మొండి గుర్రం ఎక్కి నాలుగు చుట్లు తిప్పాను. దిగేసరికి క్లబ్బు నడిపే ఆయన నిలబడి చూస్తున్నాడు. రేపటి నుంచి పొద్దున్నే రమ్మన్నాడు. నా ఉద్యోగం అలా మొదలైంది.

మేజర్ గారు

ఆయన సైన్యంలో రిటైరైన మనిషి. అందరం మేజర్ గారనే పిలిచేవాళ్ళం. మెచ్చుకోవడం ఆయనకి చేతకాదు. చాలా బాగా చేస్తే "ఊఁ" అనేవారు, మామూలుగా చేస్తే అదీ లేదు. కడుపు నిండిన గుర్రాన్ని ఎక్కకూడదని, ఒళ్ళు వేడి తగ్గకుండా దాణా పెట్టకూడదని, కోపం వచ్చిన మరుక్షణం జీను దిగిపోవాలని ఆయన దగ్గరే నేర్చుకున్నాను. ఈ మూడూ పాటిస్తే ఈ పనిలో సగం తప్పులు జరగవు.

షో జంపింగ్ తెలియనివాళ్ళ కోసం రెండు ముక్కలు. మైదానంలో పదీ పన్నెండు జంపులు, అంటే అడ్డకర్రల దడులు, పెడతారు. గుర్రం వరసగా వాటి మీంచి దూకాలి. కర్ర పడితే తప్పు. పోటీకి ముందు రౌతు ఒక్కసారి కాలినడకన మైదానమంతా తిరిగి, ఒక జంపుకీ మరో జంపుకీ మధ్య ఎన్ని అడుగులో లెక్కపెట్టుకుంటాడు. మనిషి నాలుగడుగులు గుర్రానికి ఒక అంగ. ఆ మధ్యలో గుర్రం ఐదు అంగలు వెయ్యాలా, ఆరా అన్నది అప్పుడే తేల్చుకోవాలి. గుర్రానికి మైదానం ముందుగా చూపించరు.

"లెక్క నీది, కాళ్ళు దానివి," అనేవారు మేజర్ గారు. ఆయన చెప్పినవాటిలో తప్పు మాట ఇదొక్కటే. దాన్నే నేను అన్నిటికన్నా గట్టిగా పట్టుకున్నాను.

తడి ఇసుక

నా అడుగు కుదరడానికి ఆయన ఒక పద్ధతి పెట్టారు. పోటు తగ్గిన వేళ తడి ఇసుక మీద ముడులు వేసిన తాడు పరిచేవారు. ప్రతి ముడికీ ఒక అడుగు పడాలి. ఇసుకలో కాలు కొంచెం జారుతుంది, వేసినంత దూరం రాదు. ఆ జారుడుకి సరిపడా నేను కాలు సాచేవాణ్ణి. ఏడాది తిరిగేసరికి కళ్ళు మూసుకుని నడిచినా అడుగు ముడి మీదే పడేది. జాలరిపేట వైపు నుంచి గంపలతో వచ్చే ఆడవాళ్ళు నన్ను చూసి నవ్వుకునేవారు. ఏదైనా పడిపోయిందేటి బాబూ, మేమూ ఎతకాలా అని ఒకామె రోజూ అడిగేది.

గవ్వ నాలుగేళ్ళ వయసులో మా క్లబ్బుకి వచ్చింది. ఎర్ర గోధుమ రంగు, నుదుటి మీద గవ్వంత తెల్ల మచ్చ. పేరు పెట్టింది అప్పలనాయుడు. అతను దాని సైసు. గుర్రానికి మేత, నీళ్ళు, మాలీషు, కావలి అన్నీ చూసే మనిషిని సైసు అంటారు. పరవాడ దగ్గర పల్లెలో వ్యవసాయం చేసుకునే ఇంటివాడు. ఎద్దులు తప్ప వేరే జంతువు ఎరగడు. గడ్డి కోసే పనికి వచ్చి సైసయ్యాడు. నా ఈడువాడే. మొదటి వారంలోనే నన్ను బావా అన్నాడు, నేనూ అన్నాను. రంజాన్ నెల వస్తే సాయంత్రం నా వంతు పని కూడా అతనే చేసేసి నన్ను ఇంటికి తోలేసేవాడు.

పని అయ్యాక గవ్వని మోకాలి లోతు సముద్రంలోకి తీసుకెళ్ళి నిలబెట్టేవాడు. ఉప్పునీళ్ళు కాళ్ళకి మంచివి. అల వచ్చినప్పుడల్లా గవ్వ ఒక కాలెత్తి దించేది. అప్పలనాయుడు దానితో ఊరి కబుర్లన్నీ చెప్పేవాడు, ఎవరి పొలంలో నాట్లయ్యాయో, ఎవరి ఎద్దు కుంటిదైందో. నేను ఒడ్డున కూర్చుని బూట్లలోంచి ఇసుక దులుపుకునేవాణ్ణి. హార్బరు వైపు నుంచి ఓడ కూత వినిపించేది. నా జీవితంలో ఏదైనా తిరిగి ఇస్తానంటే నేను ఆ గంటే అడుగుతాను. ఇంకేమీ అక్కర్లేదు.

బెంగుళూరు గడ్డి

గవ్వతో నేను ఊరూరా పోటీలకి వెళ్ళాను. దాదాపు అన్నీ ఇసుక మైదానాలు, లేదా గుల్లగా దున్నిన మట్టి. నా లెక్క ఎక్కడా తప్పలేదు. బెంగుళూరులో మాత్రం గట్టి పచ్చికనేల. రెండు జంపుల మధ్య నడిచి ఐదు అంగలని తేల్చుకున్నాను. గవ్వ ఆరు వేసింది. ఆరు వేసి, కర్ర కదలకుండా దూకింది.

మాకు బహుమతి వచ్చింది. నాకు మాత్రం ఒళ్ళు మండింది. నేను ఐదంటే అది ఆరు వెయ్యడమేమిటి?

అప్పలనాయుడు దాని కాళ్ళకి పట్టీలు చుడుతూ, నా మొహం చూడకుండా చెప్పాడు. "బావా, అది తప్పు సెయ్యలేదు. నువ్వు నడుత్తుంటే నాను ఎనక నించి సూసాను. ఇసకలో సాపినట్టే సాపి ఏత్తన్నావు అడుగు. గట్టి నేల మీద అది పెద్దడుగైపోతంది, లెక్క తగ్గిపోతంది. అక్కడ ఆరే పడతాది."

నేను అతన్ని ఒకటే అడిగాను. "నువ్వెప్పుడైనా గుర్రమెక్కేవేటి?"

అతను మళ్ళీ ఆ మాట ఎత్తలేదు. ఇన్నేళ్ళలో నేను నోటితో చేసిన పాపాల్లో ఇదే పెద్దది.

ఊరికి వచ్చాక గవ్వకి బుద్ధి చెప్పడం మొదలుపెట్టాను. ఒడ్డున రెండు జంపులు పెట్టి, ఐదూ ఆరూ రెండూ పడే దూరంలో, ఐదే వెయ్యమని తోలాను. ఆరు వేస్తే కొరడా. రోజూ అదే. రెండు వారాలకి అది తన లెక్క మానేసింది. నేను మడమ తాకిస్తే చాలు, కళ్ళు మూసుకుని దూకినట్టు దూకేది. మేజర్ గారు "ఊఁ" అన్నారు. అప్పలనాయుడు దాని డొక్క మీద తేలిన చారకి పసుపు రాశాడు.

మీలో ఎవరైనా గుర్రం చెప్పిన మాట వింటోందని సంతోషిస్తుంటే, ఒక్కసారి ఆగి ఆలోచించండి. అది నేర్చుకుందా, లేక చెప్పడం మానేసిందా?

ఓడలో ఐదు వారాలు

డెబ్బైల చివర పోలెండులో ఒక గుర్రాల పెంపకశాల వాళ్ళు విదేశీ రౌతులని స్నేహపూర్వక పోటీకి పిలిచారు. మేజర్ గారికి వాళ్ళతో పాత పరిచయం. మా క్లబ్బు నుంచి ఒక రౌతు, ఒక గుర్రం. మన రేవు నుంచే సరుకుల ఓడ. గుర్రంతో ఒక్క మనిషికే చోటు.

గవ్వని పెద్ద చెక్కపెట్టెలోకి ఎక్కించి క్రేనుతో పైకి లేపారు. భయపడకుండా అప్పలనాయుడు తన తుండు దాని కళ్ళకి కట్టాడు. పెట్టె గాల్లోకి లేచాక నా దగ్గరికి వచ్చాడు.

"దాన్ని నాకు తెచ్చేత్తావు కదా బావా?"

"తెచ్చేత్తాను."

గెలవమని అతను అనలేదు.

ఓడలో నేను రౌతును కాదు, సైసును. ఊగే నేల మీద గుర్రం పడుకోదు. ఐదు వారాలు నిలబడే ఉంటుంది. కాళ్ళు వాచకుండా రోజుకి మూడుసార్లు మాలీషు చేశాను, పేడ ఎత్తాను, దాణా తడిపాను. ఎర్రసముద్రం వేడికి అది మేత మానేస్తే అప్పలనాయుడిలాగే ఊరి కబుర్లు చెప్పాను. నాకు తెలిసిన పొలాలూ ఎద్దులూ లేవు కాబట్టి వన్‌టౌన్ జట్కాల సంగతులు చెప్పాను. అది నా భుజం మీద తల ఆనించి నిద్రపోయేది. రౌతు గుర్రం మీద గంటసేపు ఉంటాడు, సైసు మిగతా ఇరవై మూడు గంటలూ దానితో ఉంటాడు. ఏడేళ్ళు పని చేసి కూడా ఆ సంగతి నాకు ఓడెక్కేదాకా తెలియలేదు.

ఐదా, ఆరా

అక్కడి మైదానం ఒత్తుగా, గట్టిగా ఉన్న పచ్చిక. కాలు వెంట్రుకవాసి కూడా జారలేదు. నడిచి లెక్కపెట్టాను. ఏడో జంపుకీ ఎనిమిదో జంపుకీ మధ్య ఐదు అంగలు వచ్చాయి. బెంగుళూరు గుర్తు రాలేదా అంటే, వచ్చింది. అప్పలనాయుడి మాట కూడా గుర్తొచ్చింది. కానీ నేను పట్టిన కుందేలుకు మూడే కాళ్ళు.

మొదటి ఆరు జంపులూ గవ్వ గాలిలా దాటింది. ఏడోదీ దాటింది. దిగాక మూడో అంగలో అది తన అడుగు కుదించుకోబోతున్నట్టు నాకు తెలిసింది. ఒక చెవి నా వైపు తిప్పింది. అడుగుతోంది. నేను మడమతో గట్టిగా పొడిచాను. ఐదు.

రెండు వారాల కొరడా దానికి గుర్తుంది. విన్నది. ఆరో అంగ వెయ్యకుండా అంత దూరం నుంచే లేచింది. ఎనిమిదోది వెడల్పాటి జంపు, ముందొక కర్ర, వెనకొక కర్ర. ముందరిది దాటి, వెనక కర్ర మీద ముంగాళ్ళతో పడింది. నేను పచ్చికలో దొర్లాను. లేచి చూసేసరికి గవ్వ నాకన్నా ముందే లేచి నిలబడి ఉంది, కుడి ముంగాలు నేలకి ఆనీ ఆననట్టు పెట్టి.

ఆ సాయంత్రం ఒక తాడు అడిగి తీసుకుని ఆ పచ్చిక మీద పరిచాను. నా ప్రతి అడుగూ నాలుగు వేళ్ళు ఎక్కువ పడుతోంది. ఆ రెండు జంపుల మధ్య ఉన్నవి ఆరు అంగలే. అబ్బా, అప్పలనాయుడు, గవ్వ, ముగ్గురూ నాకు చెప్పారు. నేనే వినలేదు.

ఓడ ఆగదు

ముంగాలి వెనక నరం దెబ్బతింది. అక్కడి పశువుల డాక్టరు మంచివాడు. ఏడాది విశ్రాంతి ఇస్తే నయమవుతుంది, మళ్ళీ దూకుతుంది అన్నాడు. కానీ ఇప్పుడు ఓడెక్కించి ఐదు వారాలు నిలబెడితే ఆ కాలు ఇక పనికిరాదు అన్నాడు. ఓడ పదో రోజున బయల్దేరుతుంది. గుర్రం కోసం ఓడ ఆగదు. మేజర్ గారికి టెలిగ్రాం ఇచ్చాను. వదిలి రమ్మని జవాబు వచ్చింది.

పెంపకశాల చూసే పెద్దావిడ గవ్వని తన దగ్గర ఉంచుకుంటానంది. ఉప్పునీళ్ళలో నిలబెట్టడం అలవాటని సైగలతో చెప్పాను. ఆ చుట్టుపక్కల సముద్రం లేదు. ఆవిడ తొట్టిలో నీళ్ళు పట్టి ఉప్పు కలిపి, కాలు అందులో పెట్టించింది. గవ్వ అల కోసం చూస్తున్నట్టు కాలెత్తి దించింది. నేను దాని మెడ పట్టుకుని ఏడ్చాను. పెద్దావిడ గడ్డి తేవడానికి వెళ్తున్నట్టు బయటికి వెళ్ళిపోయింది.

బాబూ అన్న పిలుపు

అప్పలనాయుడు రేవులో నిలబడి ఉన్నాడు, చేతిలో పచ్చిగడ్డి మోపుతో. నన్ను చూడలేదు. క్రేను వైపు చూస్తున్నాడు, పెట్టె ఎప్పుడు దిగుతుందా అని.

అంతా చెప్పాను. ఐదూ ఆరూ సంగతి కూడా దాచలేదు. అతను చివరిదాకా విని, గడ్డిమోపు అక్కడే దించి, నడుచుకుంటూ వెళ్ళిపోయాడు. మర్నాడు పనికి వచ్చాడు. మిగతా గుర్రాలకి ఏ లోటూ చెయ్యలేదు. కానీ నన్ను రహీం బాబూ అని పిలిచాడు. బావా అనలేదు. చెంప మీద కొట్టినా అంత నొప్పి పుట్టేది కాదు.

ఏడాదికి ఉత్తరం వచ్చింది, కాలు నయమైందని. తెప్పిద్దామని మేజర్ గారి వెంట పడ్డాను. గుర్రాన్ని ప్రేమించేవాడు దాన్ని రెండోసారి ఓడెక్కించడు అన్నారాయన. ఆ రోజు ఆయన్ని మనసులో తిట్టని తిట్టు లేదు. ఓడలో అది నిద్రలో ఊగిన ఊగుడు తలుచుకుంటే, ఆయనే నిజమేమో అనిపిస్తుంది ఇప్పుడు. ఇంకో రోజు మళ్ళీ కాదనిపిస్తుంది.

ఎనభైల్లో క్లబ్బు మూతపడింది. అప్పలనాయుడి ఊరి పొలాలు ఉక్కు ఫ్యాక్టరీకి పోయి, అతనికి అందులో పని దొరికింది. చివరి రోజున ఖాళీ షెడ్డు ఊడ్చి, తలుపు గొళ్ళెం పెట్టి, "పద బావా," అన్నాడు. ఎన్ని ఏళ్ళకో.

నేను వేరే ఊళ్ళ క్లబ్బుల్లో పిల్లలకి నేర్పే పనిలో పడ్డాను. నా దగ్గర నేర్చుకున్నవాళ్ళని అడగండి, చెబుతారు. కొత్త మైదానానికి వెళ్ళగానే ముందు తాడు పరిచి అడుగు సరిచూసుకోవాలి. లెక్క అయ్యాక దాన్ని జేబులో పెట్టుకుని, గుర్రం ఏమంటోందో వినాలి. సైసు పేరు, అతని పిల్లల పేర్లు తెలియనివాణ్ణి నేను జీను మీద కూర్చోనివ్వను. ఇవి నాకు ఏ గురువూ చెప్పలేదు.

పెంపకశాల కంచె దగ్గర

ఎనభైల చివర ముగ్గురు శిష్యులతో శిక్షకుడిగా మళ్ళీ ఆ దేశం వెళ్ళాను. ఈసారి విమానం, గుర్రాలు వాళ్ళవే. ఒక రోజు సెలవు దొరికితే రైలెక్కి ఆ పెంపకశాలకి వెళ్ళాను. పెద్దావిడ పోయింది. వాళ్ళ అబ్బాయి నన్ను కంచె దగ్గరికి తీసుకెళ్ళాడు.

గవ్వ మేస్తోంది. పొట్ట జారింది, కళ్ళ చుట్టూ నెరిసింది. వాళ్ళు దానికి వేరే పేరు పెట్టుకున్నారు. నా తర్వాత ఆరేళ్ళు దూకిందట, ఒక్కసారి కూడా పడలేదట. "గవ్వా," అని పిలిచాను. చెవి తిరగలేదు. ఇంకోసారి పిలిచాను. కాసేపటికి దానంతటదే కంచె దగ్గరికి వచ్చి, నా అరచేతిలో బెల్లం తిని, అరచెయ్యి ఖాళీ అయ్యాక వెనక్కి తిరిగి మేతకి పోయింది.

ఇలాంటి చోట గుర్రం యజమానిని గుర్తుపట్టి సకిలించిందని రాయడం మామూలు. గవ్వ సకిలించలేదు. ఎవరు చెయ్యి చాపినా వచ్చినట్టే వచ్చింది. రైలు వేళయ్యేదాకా అక్కడే నిలబడ్డాను. నన్ను గుర్తుపట్టాలని నేను అంతగా కోరుకున్న జీవం ఇంకోటి లేదు.

ఊరికి వచ్చిన మర్నాడే అప్పలనాయుడు వచ్చాడు, షిఫ్టు దిగి తిన్నగా, ఫ్యాక్టరీ బట్టల్లోనే. టీ ఇస్తే పక్కన పెట్టాడు.

"గుర్తట్టిందేటి బావా?"

"పట్టింది," అన్నాను.

"ఎలాగ?"

"పేరెట్టి పిలిసేసరికి పరిగెట్టుకొచ్చీసింది. నన్ను సూసి ఆగలేదు. నా ఎనక్కి సూసింది, ఇంకెవరైనా వత్తన్నారేమోనని."

అప్పలనాయుడు పక్కన పెట్టిన టీ చేతిలోకి తీసుకున్నాడు. "సూత్తాది. ఎందుకు సూడదు," అన్నాడు. చల్లారిన టీ తాగాడు.

గుర్రాల విషయంలో నేను ఆడిన అబద్ధం ఇదొక్కటే. అప్పలనాయుడు ఇంకా ఉన్నాడు. తనకి చదువు రాదు, మనవరాలి చేత అన్నీ చదివించుకుంటాడు. ఇదీ చదివించుకుంటాడు, నాకు తెలుసు. అమ్మా, తాతకి గట్టిగా చదివి వినిపించే ముందు నీలో నువ్వు దీన్ని చదువుకుంటుంటే, కంచె దగ్గర సంగతీ, ఈ చివరి నాలుగు మాటలూ తాతకి చదవకు. అక్కడ ఏముందని తాత అడిగితే, గవ్వ తన కోసమే చూసిందని రాసుందని చెప్పు.